ఆఖరి అరుగు

నేను ఒక సిమెంటు అరుగును. మా ఊరి కూరగాయల మార్కెట్లో గేటు దాటి లోపలికి అడుగు పెట్టగానే మీ కుడిచేతి పక్కన ఉంటాను. ఇంత దగ్గర్లో ఉన్నాను కదా, వచ్చినవాళ్ళందరూ ముందు నా దగ్గరికే వస్తారనుకుంటే మీరు పప్పులో కాలేసినట్టే. మీరైనా సరే నావైపు కన్నెత్తి చూడరు. తిన్నగా ఎడమవైపు తిరిగి, మార్కెట్టంతా చుట్టబెట్టి, చేతులు లాగుతున్నాయి బాబోయ్ అనుకుంటూ చివరికి నా ముందు తేలతారు. ఇందులో మీ తప్పు సగమే. మిగతా సగం మా గోడలది. ఈ రెండు సగాల మధ్యా పడి నలిగిన ఒక మనిషి ఉంది. ఆమె పేరు గంగరత్నం. నా కథ చెప్పమంటే నాకు ఆమె కథే గుర్తొస్తుంది.

మాది గోదావరి కాలవ ఒడ్డున ఉన్న ఊరు. నేను పుట్టకముందు ఇక్కడ ఒక ఇరుకు సందులో సంత జరిగేదట. సందు మొదట్లో కండబలం ఉన్నవాళ్ళు కూర్చునేవారు. నోరు లేనివాళ్ళు సందు చివర, మురుక్కాలవ పక్కన గోనెపట్టాలు పరుచుకునేవారు. జనం మొదట్లోనే కొనేసి వెనక్కి తిరిగేవారు. ఈ అన్యాయం చూసి కడుపు మండినవాడు ఒక కుర్ర ఆర్కిటెక్టు. పేరు సుందరవరదన్, ఊరు మద్రాసు. పై దేశాల్లో చదువుకుని వచ్చాడు. మున్సిపాలిటీవారు కొత్త మార్కెట్టు కట్టమని పిలిస్తే, వారం రోజులు సంతలో తిరిగి ఒక చక్రం గీసి చూపించాడు.

"గుండ్రంగా కడతాను సార్. చక్రానికి మొదలు లేదు, చివర లేదు. ఒకరు ముందు, ఒకరు వెనక అనే మాటే రాదు" అన్నాడు.

చైర్మన్ గారు కాగితాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, "బావుందయ్యా. మరి పైన గోపురం ఎప్పుడు పెడతావు?" అని అడిగారు. గోపురం లేదన్నాడు. పోనీ సింహాలు? అవీ లేవు. పోనీ రంగు? రంగు కూడా లేదన్నాడు. కాంక్రీటు కాంక్రీటులాగే కనిపించాలట. అందుకే నన్ను చెక్కల మధ్య పోతపోసి, చెక్కలు ఊడదీసి అలాగే వదిలేశారు. ఆ చెక్కల చారలు ఇప్పటికీ నా ఒంటిమీద ఉన్నాయి. చూసినవాళ్ళు మాత్రం పాపం సిమెంటు చాలక పూత మానేశారు కాబోలు అనుకుంటారు.

గోడవారనే గుండ్రంగా ఇరవై నాలుగు అరుగులం, మా ముందు నడిచే దారి, నడుమ ఆకాశం కనబడే జాగా. ఆ జాగాలో కప్పు మీది వాననీళ్ళు దిగడానికి ఒక లావుపాటి స్తంభం, దానికి ఒక కుళాయి. ఒక పక్క కాలవ, ఒక పక్క ఇళ్ళూ ఉండడంతో గేటు ఒక్కటే వచ్చింది. సుందరవరదన్ లెక్క ప్రకారం సరుకు మా మీద ఉండాలి, అమ్మేవాళ్ళు మా వెనక నిలబడాలి. మా ఎత్తు అందుకే నడుం దాకా పెట్టాడు.

ఎవరికి ఏ అరుగో తేల్చడానికి ఇత్తడి చెంబులో చీటీలు వేసి తీశారు. గంగరత్నానికి నేను వచ్చాను. అందరూ ఆమెను అభినందించారు. గేటు పక్క అరుగు, అదృష్టమంటే నీదే అన్నారు. గేటుకి అవతలి పక్క అరుగు సూరిబాబుకి వచ్చింది. వాడూ పొంగిపోయాడు. వాడికీ నాకూ మధ్య దూరం గేటు వెడల్పే.

గంగరత్నానికి ఆ చీటీ ఎంత ముఖ్యమో చెప్పాలి. మొగుడు పోయిన దగ్గర్నుంచి ఇరవై ఏళ్ళు కందా, పెండలం, గుమ్మడికాయలూ గంపలో వేసి నెత్తిన పెట్టుకుని వీధి వీధీ తిరిగింది. ఆ బరువుకి మెడ ఎముకలు అరిగి కుడిచెయ్యి తిమ్మిరెక్కడం మొదలైంది. ఇంక నెత్తిన గంప పెడితే చెయ్యి పడిపోతుందని డాక్టరు గారు ఖచ్చితంగా చెప్పేశారు. కూర్చుని అమ్ముకునే చోటు దొరికితే బతుకుతుంది. లేకపోతే లేదు. నేనే ఆ చోటు.

మొదటి రోజు సరుకు పేర్చి, వెనక నిలబడమంటే నిలబడలేదు. చీర కుచ్చిళ్ళు దోపుకుని నా మీదికెక్కి బాసింపట్టు వేసుకుని కూర్చుంది. ఆమెను చూసి మిగతా ఇరవై ముగ్గురూ ఎక్కేశారు. సుందరవరదన్ పరుగెత్తుకొచ్చాడు.

"అమ్మా, పైన కాయ మాత్రమే ఉండాలి. మీరు వెనక నిలబడాలి."

"పొద్దుట్నించీ సీకటి పడేదాకా నిలబడ్డానికి నేనేవన్నా కరెంటు స్తంభాన్నా బాబూ?" అంది గంగరత్నం.

అతను చేతిలోని కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. కానీ ఆ ఎక్కడం వల్ల ఒక వింత జరిగింది. నేలమీద కూర్చున్నన్నాళ్ళూ ఆమెకి కొనేవాళ్ళ కాళ్ళూ, చీర అంచులే కనబడేవి. వాళ్ళు పైనుంచి బేరాలు విసిరేవారు. ఇప్పుడు ఆమె మొహం వాళ్ళ మొహం కన్నా జానెడు పైన ఉంది. "ఏమే, ఎంతకిస్తావు?" అనే నోళ్ళు తలెత్తి చూడాల్సి వచ్చేసరికి "ఏం గంగరత్నం, ఎంత?" అనడం నేర్చాయి. ఎవరూ చెప్పలేదు, ఎవరూ గమనించనూ లేదు. నాలాంటి సిమెంటు దిమ్మ ఎత్తు మనిషి నాలికని మార్చగలదని నాకు ఆవేళే తెలిసింది. కొంచెం గర్వపడ్డాను కూడా.

ఆ గర్వం ఒక పూటైనా నిలవలేదు. ఆ సాయంత్రమే జరిగిన ప్రారంభోత్సవంలో పురోహితుడు నడుమ ఉన్న స్తంభానికి పసుపు రాసి బొట్లు పెట్టాడు. హారతి పళ్ళెం పట్టుకుని, చైర్మన్ గారిని వెంటబెట్టుకుని, స్తంభం కుడిచేతి వైపు ఉండేలా ఎడమకి తిరిగి ప్రదక్షిణంగా నడిచాడు. ఊరంతా వాళ్ళ వెనకే నడిచింది. ఆ నడక ఇప్పటికీ ఆగలేదు. గుండ్రటి కట్టడం, నడుమ బొట్లు పెట్టిన స్తంభం. తెలుగువాళ్ళ కాళ్ళకి ఇంకేం చెప్పాలి? సూరిబాబు అరుగు మొదటిదైంది. నేను ఆఖరిదాన్నయ్యాను. మొదలూ చివరా లేని చక్రంలో జనం తమ కాళ్ళతోనే మొదలూ చివరా పెట్టేశారు.

"ఇటు రండమ్మగోరూ! లేత గుమ్మడికాయండి!" అని గంగరత్నం గేటు దగ్గరే కేకేసేది.

"అటునుంచి వస్తున్నాలే!" అనేవారు. నిజంగానే వచ్చేవారు. కానీ అప్పటికి సంచీ నిండిపోయేది, చేతులు బరువెక్కేవి. నిండు సంచీతో ఉన్న మనిషికి గుమ్మడికాయ చూపిస్తే మీరైనా ఏం చేస్తారు? జాలిగా నవ్వి గేటు దాటేవారు. సాయంత్రానికి గుమ్మడికాయలు పేర్చినవి పేర్చినట్టే ఉండేవి.

మూడు నెలల తరవాత సుందరవరదన్ తన బిడ్డను చూసుకోవడానికి వచ్చినట్టు మార్కెట్టు చూసుకోవడానికి వచ్చాడు. గంగరత్నం అతన్ని పట్టుకుని నిలదీసింది.

"మొదలూ లేదు సివరా లేదన్నారు కదా బాబూ. మరి నేనెక్కడున్నాను?"

అతను గేటు దగ్గర నిలబడి పొద్దుటంతా జనం నడక చూశాడు. ఒక్కరు కూడా కుడికి తిరగలేదు. మర్నాడు గేటు మీద కుడివైపు బాణం గీసిన బోర్డు కట్టించాడు. రోజు విడిచి రోజు బాణాన్ని తిప్పితే అందరికీ న్యాయం జరుగుతుందని అతని ఆశ.

పోస్టుమాస్టరు గారి భార్య సుభద్రాయమ్మ గారు బోర్డు చదివి, "పొద్దున్నే అప్రదక్షిణం ఏమిటండీ, నేను రాను" అని ఎడమకే తిరిగారు. కొందరు మొహమాటపడి కుడికి తిరిగారు. దారి మధ్యలో ఈ రెండు గుంపులూ ఎదురుపడ్డాయి. సంచీలు సంచీల్లో చిక్కుకున్నాయి, ఎవరిదో దోసకాయ దొర్లింది, దాన్ని ఎవరో తొక్కారు. ఇదంతా జరుగుతుంటే గంగరత్నానికి ఇంట్లోకి ఉల్లిపాయలు లేవని గుర్తొచ్చింది. కిందికి దిగి, బోర్డు ఎదురుగా ఒక్క క్షణం ఆగి, చక్కగా ఎడమకి తిరిగింది.

"అమ్మా, మీరు కూడానా?" అన్నాడు సుందరవరదన్.

గంగరత్నం తన కాళ్ళవైపు చూసుకుంది. "అయ్యే ఎల్లిపోయాయి బాబూ. నేనేటి సేసేది?"

ఆ సాయంత్రం అతను బోర్డు విప్పించి, నా అంచున కూర్చుని చాలాసేపు స్తంభాన్ని చూశాడు. పాపం, మంచివాడు. మనుషులు నడిచే దారి గీశాడు గానీ, వాళ్ళు పుట్టకముందు నుంచే నడుస్తున్న దారి ఒకటి వాళ్ళ కాళ్ళలో ఉందని అతనికి ఏ బళ్ళోనూ చెప్పలేదు. వెళ్ళేటప్పుడు ఆమెకి దణ్ణం పెట్టి వెళ్ళాడు.

వానాకాలం మొదలయ్యేసరికి గంగరత్నం ఆశ వదులుకుంది. ఒక రోజు పాత గంప తెచ్చి నా పక్కన పెట్టింది. పాతచీర ముక్క మెలితిప్పి నెత్తిన పెట్టుకోవడానికి చుట్టకుదురు చేసుకుంది.

"రేపట్నించీ మళ్ళీ ఈదులెంట తిరగడవే సూరిబాబూ" అంది గేటు అవతలికి వినబడేలా.

"మెడో?" అన్నాడు వాడు.

"మెడ ఉన్నన్నాళ్ళూ ఉంటది."

సూరిబాబు తలదించుకున్నాడు. వాడు చెడ్డవాడు కాదు. మొదటి అరుగు రావడం వాడి తప్పు కాదు, వదులుకునేంత గొప్పవాడూ కాదు. నాకైతే ఆమెను పట్టుకుని ఆపాలనిపించింది. చేతులు లేని ఒంటితో ఏం చేయను?

అప్పుడే సుభద్రాయమ్మ గారు చుట్టు పూర్తిచేసుకుని, ఆయాసపడుతూ తన సంచీని నా మీద దభీమని దించారు. సుందరవరదన్ మార్కెట్టులో బల్లలు వేయించలేదు. మార్కెట్టు నడవడానికే గాని కూర్చోవడానికి కాదని అతని సిద్ధాంతం. బరువు దించుకోవడానికి చుట్టు ముగిసేచోట నడుమెత్తున దొరికేదాన్ని నేనొక్కదాన్నే. దించిన సంచీ అడుగు నుంచి ఎర్రటి రసం కారింది.

"అయ్యో, నా టమాటాలు!" అన్నారావిడ.

గంగరత్నం సంచీలోకి తొంగిచూసి గుండెలు బాదుకుంది. "ఎవరండీ టమాటాల మీద కంద ఎట్టింది?"

"ఎవరో ఎందుకు పెడతారు? నేనే పెట్టుకున్నాను. టమాటాలు సూరిబాబు దగ్గర మొదట కొన్నాను, కంద తరవాత కొన్నాను. కొన్న వరసలోనే కదా సంచీలో పడతాయి!"

గంగరత్నం సంచీని అమాంతం నా మీద బోర్లించింది. కంద అడుగున పెట్టింది, దాని పక్కన బంగాళాదుంపలు సర్దింది. వంకాయలు తొడిమలు లోపలికి తిప్పి పేర్చింది. మిగిలిన టమాటాలు పైన పెట్టి, బెండకాయలు సందుల్లో దూర్చింది. నెత్తిన గంప మోసిన మనిషికి బరువు ఒక పక్కకి ఒరిగితే మెడ ఏమవుతుందో ఎవరూ చెప్పక్కర్లేదు. సంచీ ఎత్తి చూసిన సుభద్రాయమ్మ గారి కళ్ళు పెద్దవయ్యాయి.

"ఇదేమిటి గంగరత్నం, బరువు సగం తగ్గిపోయింది!"

"బరువు అంతేనండి. కుదురుగా కూకుంది" అంది గంగరత్నం.

వెనకున్నావిడ తన సంచీ కూడా నా మీద పెట్టింది. ఆమె వెనక ఇంకొకావిడ. ఆ సాయంత్రం గంగరత్నం చుట్టకుదురు విప్పి, దాంతోనే నా మీది టమాటా రసం తుడిచింది.

ఆ తరవాత ఆమె గుమ్మడికాయలు మానేసింది. సంచీ పైన మాత్రమే ఉండదగ్గవి అమ్మడం మొదలుపెట్టింది: కొత్తిమీర, కరివేపాకు, పుదీనా, తమలపాకులు, కనకాంబరాలు. సంచీ సర్దించుకున్నవాళ్ళెవరూ ఒక కట్ట కొనకుండా వెళ్ళేవారు కాదు. సర్దేటప్పుడే ఆమె మిగతా అరుగులవాళ్ళకి చేరేలా ఒక మాట విసిరేది. "మొదట్లోనే టమాటాలు కొనమాకండమ్మా. అక్కడ దుంపలుంటే బాగుండు" అనేది. కొనేవాళ్ళు వెళ్ళి సూరిబాబుతో అనేవారు. నెల తిరిగేసరికి సూరిబాబు దుంపలూ, గుమ్మడికాయలూ పెట్టాడు. వాడి పక్కవాడు దోసకాయలు, ఆ పక్కవాడు వంకాయలు. అలా జరిగి జరిగి టమాటాలు నాకు రెండరుగుల దూరానికి వచ్చాయి. బరువైనవన్నీ మొదట్లో, నలిగేవన్నీ చివర్లో. మార్కెట్టంతా ఒక సంచీలా సర్దుకుంది. ఏ కాగితం మీదా ఎవరూ గీయలేదు దీన్ని.

సంచీ సర్దుతున్నంతసేపూ మనుషులు నా అంచున కూర్చునేవారు. కూర్చున్నాక ఊరికే ఉంటారా? కోడళ్ళ మీద చాడీలు, కాన్పు కబుర్లు, కొత్త పచ్చడి కొలతలు, అన్నీ నా చెవిన పడేవి. మాటలు మానేసిన తోడికోడళ్ళిద్దరు వరసలో పక్కపక్కన కూర్చోవాల్సొచ్చి, గంగరత్నం ఒకరి కొత్తిమీర ఇంకొకరి సంచీలో పెట్టేస్తే, దాన్ని తీసి ఇచ్చుకునే వంకతో కలిసిపోవడం నేను చూశాను. పొరపాటున పెట్టానంది గంగరత్నం. అలాంటి పొరపాట్లు ఆమెకి తరచుగా జరిగేవి.

అయిదేళ్ళు గడిచాయి. మున్సిపాలిటీ నిబంధన ప్రకారం చీటీలు మళ్ళీ తీశారు. గంగరత్నానికి మొదటి అరుగు వచ్చింది. సూరిబాబుకి నేను వచ్చాను. మున్సిపాలిటీ గుమస్తా గారు నవ్వుతూ, "ఇన్నాళ్ళకి నీ మొర దేవుడు ఆలకించాడు" అన్నారు. గంగరత్నం నవ్వలేదు. చీటీ మడిచి బొడ్లో దోపుకుని, నా దగ్గరికి వచ్చి ఆకులన్నీ దులిపి, అరచేత్తో ఒకసారి నన్ను నిమిరి వెళ్ళిపోయింది. నాకు ఏడుపొచ్చినంత పనైంది.

మొదటి అరుగంటే దుంపలూ, గుమ్మడికాయలే. ఒక్కొక్క కాయ ఎత్తి తక్కెట్లో పెట్టాలి, దించాలి. మధ్యాహ్నానికి ఆమె కుడిచెయ్యి ఎడమచేత్తో పిసుక్కోవడం గేటు అవతలి నుంచి నాకు కనబడుతూనే ఉంది. ఎవరితోనూ అనలేదు. చీటీ చీటీయే కదా. ఖాళీ సంచీలతో వచ్చినవాళ్ళు హడావిడిగా తూయించుకుని ముందుకి పోయేవారు. మొదటి అరుగు దగ్గర ఎవరూ కూర్చోరు.

ఇక్కడ నా దగ్గర సూరిబాబు తలప్రాణం తోకకొచ్చింది. అలవాటు ప్రకారం అందరూ సంచీలు తెచ్చి వాడి ముందు పెట్టి నిలబడ్డారు. వాడూ శక్తివంచన లేకుండా సర్దాడు.

"సూరిబాబూ, నా కొత్తిమీర ఏదీ?" అన్నారు సుభద్రాయమ్మ గారు.

"అడుగున బద్రంగా ఎట్టానండి. పైన దుంపలున్నాయి, ఎక్కడికీ పోదు."

అరగంటలో గేటు దగ్గర సంచీల కుప్ప పెరిగింది. బయటికి వెళ్ళేవాళ్ళకి దారి లేదు, లోపలికి వచ్చేవాళ్ళకీ దారి లేదు. ఎవరో మొదలుపెట్టారు, అందరూ అందుకున్నారు: "గంగరత్నం! ఓ గంగరత్నం!"

గంగరత్నం ఎత్తబోతున్న గుమ్మడికాయను వదిలేసింది. అరుగు దిగింది. గేటుకి అడ్డంగా నాలుగడుగులు వేస్తే నా దగ్గరికి వచ్చేస్తుంది. కానీ అది అప్రదక్షిణం కదా! చెయ్యి నొప్పితో, అంతమంది పిలుస్తుండగా, ఆ మహాతల్లి స్తంభాన్ని కుడిచేతి వైపు ఉంచుకుని మార్కెట్టంతా చుట్టి వచ్చింది. దారిలో ఒక్కొక్క అరుగువాళ్ళూ లేచి నిలబడ్డారు. టమాటాల అరుగు దాటి, నా ముందుకొచ్చి, ఎగపోస్తూ నిలబడింది.

"లెగు సూరిబాబూ."

"అమ్మయ్య, బతికించావు అత్తా" అని వాడు ఒక్క గెంతు గెంతి, నాలుగడుగుల్లో గేటు దాటి తన గుమ్మడికాయల్లో పడ్డాడు. వాడికి అది ప్రదక్షిణమే మరి. గంగరత్నం నా మీదికెక్కి బాసింపట్టు వేసుకుంది. ఆ బరువు నాకు ఎంత హాయిగా తోచిందో చెప్పలేను.

అరుగులు మార్చుకోవడం నిబంధనలకి విరుద్ధమని గుమస్తా గారు రెండుసార్లు వచ్చి చెప్పి వెళ్ళారు. ఇద్దరూ వినయంగా తలలూపారు, ఎవరి చోట వాళ్ళు కూర్చున్నారు.

మళ్ళీ అయిదేళ్ళకి చీటీల రోజు వచ్చింది. చీటీలు రాసే పని మార్కెట్టువాళ్ళే నెత్తికెత్తుకున్నారు. గుమస్తా గారు భార్యతో సహా వచ్చి, ఆవిణ్ణి కూరలకి పంపి, స్తంభం దగ్గర ఇత్తడి చెంబు పట్టుకుని నిలబడ్డారు. చీటీలు పంచగా పంచగా చెంబు ఖాళీ అయింది.

"ఇరవై మూడే ఉన్నాయేమిటయ్యా? ఒకటి తక్కువ!" అన్నారు.

"లేదండి, సరిగ్గానే ఉన్నాయండి" అన్నాడు సూరిబాబు.

"ఆ ఆఖరి అరుగు చీటీ ఏదీ?"

ఇరవై ముగ్గురూ ఎవరి చీటీ వాళ్ళు మడుచుకుని నావైపు చూశారు. గుమస్తా గారు కోపంగా నావైపు వచ్చారు. నా మీద ఆయన భార్య సంచీ నోరు తెరుచుకుని ఉంది. గంగరత్నం మోచేతుల దాకా అందులో దూరి వంకాయలు సర్దుతోంది. తలెత్తకుండానే అంది:

"ఒచ్చారా బాబుగోరూ! ఇదిగో, ఈ గుమ్మడికాయ సంచీలో పట్టదు. అమ్మగోరితో మోయించకండి, మీరట్టుకోండి."

గుమస్తా గారు ఏదో అనబోయి, చెంబు నా మీద పెట్టి, రెండు చేతులా గుమ్మడికాయ అందుకున్నారు.